భూసేకరణ వ్యాజ్యములు – అప్పీళ్ల గతి

కాశ్మీర దేశమును క్రీస్తుశకము 8వ శతాబ్దిలో చంద్రాపీడుడను రాజు పాలించెను. ఆయన త్రిభువనస్వామి పేర ఒక విష్ణ్వాలయము కట్టింప సంకల్పించగా, ఆలయమునకు గీసిన హద్దులలో ఒక చర్మకారుని గుడిసె పడినది. ఎంత చెప్పినను అతడు గుడిసె నీయనెను. అధికారులు రాజునొద్దకు పోయి ఫిర్యాదు చేసిరి. కల్హణుడు రాజతరంగిణి నాల్గవ తరంగమున ఈ కథ వ్రాయుచు, రాజు తప్పుపట్టినది చర్మకారుని గాక అధికారులనే యని చెప్పినాడు. ముందుగా అతని నడుగక పని మొదలుపెట్టుట వారి తప్పు. పని మానుడు, లేదా వేరొకచోట కట్టుడు, పరుల నేల లాగుకొని పుణ్యకార్యము చేయుట తగదని రాజాజ్ఞ. పిమ్మట చర్మకారుడే రాజదర్శనమునకు వచ్చెను. రాజునకు రాజప్రాసాద మెట్టిదో తనకు ఆ గుడిసె అట్టిదనియు, పుట్టిననాటినుండి తన సుఖదుఃఖములకు అది తల్లివలె సాక్షియనియు, రాజు స్వయముగ తన యింటికి వచ్చి మర్యాదగా అడిగినచో కాదననియు విన్నవించుకొనెను. రాజు పోయి అడిగెను; వెలయిచ్చి కొనెను.

ఆ కథలో కోర్టు లేదు, ప్లీడరు లేడు, అప్పీలు లేదు. అమ్మువాని సమ్మతియే తీర్పు. దానికంటె పూర్వపుదైన జేతవన గాథలో న్యాయాధికారులును కనబడుదురు. శ్రావస్తి నగరపు వర్తకుడు అనాథపిండికుడు బౌద్ధభిక్షువుల నివాసమునకై జేతకుమారుని తోటను అడుగగా, నేలంతయు కోట్ల నాణెములు పరచినను ఈయనని రాకుమారుడనెను. వెల నోట వెలువడినది గనుక బేరము కుదిరినదని వర్తకుడు, కుదురలేదని రాకుమారుడు వాదులాడి న్యాయాధికారుల యెదుటికి పోయిరి. వెల పలికితివి గనుక తోట పోయినదని తీర్పయ్యెను. బండ్లపై నాణెములు తెచ్చి నేలపై పరచుచున్న దృశ్యము బర్హుతు స్తూపశిల్పములలో నేటికిని కలదు. కాదనుటకై పలికిన మాటయే వెలయై కూర్చున్నది. జేతునకు పైకోర్టు లేదు.

మన శాస్త్రకారులును ఈ చర్చ చేయకపోలేదు. విశ్వజిద్యాగమున సర్వస్వమును దానము చేయవలసిన రాజు రాజ్యమందలి భూమినంతయు దానమీయవచ్చునా యని పూర్వమీమాంస ఆరవ అధ్యాయమున జైమిని విచారించెను. ఈయరాదనియే సిద్ధాంతము. భూమి అందరికిని సమానమైనది, రాజు దానిని రక్షించి భాగము పుచ్చుకొనువాడేగాని దాని యజమాని కాడని వ్యాఖ్యాతలు వివరించిరి. ఆంగ్లేయులు తెచ్చిన సిద్ధాంతము వేరు. ప్రజావసరము కలిగెనేని సర్కారు ఎవరి భూమినైనను వెలయిచ్చి పుచ్చుకొనవచ్చును. యజమాని సమ్మతితో పనిలేదు. అతనికి మిగులు వాదము ముఖ్యముగా వెలను గూర్చినదే. ఆ వాదమైనను ఎవరి యెదుట, ఎన్ని దినములలోపల, ఎన్ని మెట్లవరకు చెప్పుకొనవచ్చునను ప్రశ్నయే రెండువందల సంవత్సరములుగా నడచుచున్న ఈ వ్యాజ్యముల చరిత్ర.

ఈ చట్టములకు మూలము 1824లో బెంగాలున చేయబడిన మొదటి రెగ్యులేషను. బొంబాయికి 1839లో వేరొక చట్టము వచ్చెను. రైలుమార్గములు ప్రజోపయోగ కార్యములని 1850లో శాసించిరి. చెన్నపట్టణ రాజధానికి 1852లో 20వ చట్టము వచ్చినది. ధవళేశ్వరమున 1847లో ఆరంభమైన గోదావరి ఆనకట్ట పూర్తియైనదియు ఆ యేడే. 1857లో బ్రిటిషు ఇండియా కంతకు ఒకే చట్టము చేసి, వెల కుదరనిచోట మధ్యవర్తులకు తగవు వదలిరి. మధ్యవర్తుల మాటయే తుదిమాట. వారు లంచము తినిరని, లేక దుర్వర్తనము చేసిరని ఋజువైననేగాని దానిని కదల్ప వీలులేదు. ఈ మధ్యవర్తులు పనికి చాలినవారు కారనియు, కొందరు అవినీతిపరులనియు ప్రభుత్వమే తెలిసికొని 1870లో వారిని తొలగించి, తగవును సివిలుకోర్టునకు అప్పగించెను. కోర్టులో న్యాయాధిపతికి తోడుగా అసెస్సర్లు కూర్చుండెడివారు. 1894లో 1వ చట్టము వచ్చి అసెస్సర్లను కూడ తీసివేసినది. ఆ 1894 చట్టమే 2013 ముగియువరకు, అనగా నూటపందొమ్మిది సంవత్సరములు, దేశమందలి రైతుల నేలపై నడచినది. నిజాము రాజ్యమునకు వేరుగా 1309 ఫసలీ చట్టముండెను.

1894 చట్టము నడక తెలియనిదే అప్పీళ్ల కథ బోధపడదు. 4వ సెక్షను క్రింద గెజిటులో ప్రకటన. 6వ సెక్షను క్రింద ఈ భూమి ప్రజాప్రయోజనమునకు కావలెనను డిక్లరేషను. ఆపై యజమానులకు నోటీసులు, కొలతలు, విచారణ. చివరకు 11వ సెక్షను క్రింద కలెక్టరు చేయు అవార్డు. అవార్డుతో తృప్తిలేనివాడు 18వ సెక్షను క్రింద దరఖాస్తు పెట్టి తగవును కోర్టునకు పంపుమని అడుగవలెను. అవార్డునాడు ఎదుట ఉన్నవానికి ఆరు వారములు. లేనివానికి నోటీసు అందిన నాటినుండి ఆరు వారములు, లేక అవార్డునుండి ఆరు మాసములు, రెంటిలో ఏది ముందో అది. కోర్టు తీర్పుపై 54వ సెక్షను క్రింద హైకోర్టునకు అప్పీలు.

పైకి తిన్నగా కనబడు ఈ త్రోవలో గోతులు పెక్కు కలవు. సొమ్ము పుచ్చుకొనునపుడు ఆక్షేపణతో పుచ్చుకొనుచున్నానని చెప్పనివానికి కోర్టునకు పోవు హక్కు లేదని 31వ సెక్షను. ఆఫీసులో రసీదుపై వ్రేలిముద్ర వేసిన నాడు ఈ ఒక్కమాట వ్రాయించకపోవుటచేత హక్కు పోగొట్టుకొన్నవారి లెక్క ఎవరు చెప్పగలరు? తనకు రావలసినదింతయని అడిగిన మొత్తమునకు మించి కోర్టు ఈయరాదని 25వ సెక్షను. భయముచేతనో, తెలియకనో తక్కువ అడిగినవాడు ఆ తక్కువకే కట్టుబడియుండవలెను. అసలే అడుగనివానికి కలెక్టరు ఇచ్చినదే గతి. హైకోర్టు అప్పీలునకు తేడాసొమ్ముపై కోర్టురుసుము కట్టవలెను. భూమి పోయిన రైతు ఆ సొమ్ము ఎచ్చట తెచ్చును? సర్కారునకు అట్టి చింత లేదు. ఈ అసమానతను చట్టము చూడలేదు.

వ్యాజ్యములలో తొలుత చెప్పదగినది కలకత్తాది. బెంగాల్ బ్యాంకు కొరకు సేకరించిన స్థలము యజమాని, కలెక్టరు తన వెనుక సమాచారము సేకరించి వెల కట్టెననియు, తన వాదమును సరిగా వినలేదనియు మొరపెట్టుకొని ప్రీవీకౌన్సిలువరకు పోయెను. 1905లో ఆ అప్పీలు కొట్టివేయబడెను. కలెక్టరు న్యాయాధిపతి కాడు, అతడు చేయునది తీర్పు కాదు, సర్కారు తరపున పలికిన వెల మాత్రమే; ఇష్టములేనివాడు కోర్టునకు పోవచ్చునని వారి సమాధానము. తర్కమున ఇది సరియైనదే. గ్రామములో మాత్రము కలెక్టరు అవార్డును ‘సర్కారు పలికిన బేరము’గా చూచినవాడు ఉండెనా? అది ఉత్తర్వుగనే వచ్చును, ఉత్తర్వుగనే వినబడును.

తరువాతిది రంగూను వ్యాజ్యము. రంగమనిన తెలుగువారికి దూరదేశము కాదు. కోస్తా జిల్లాల కూలీలు వేలుగా ఓడలెక్కిపోయి ఆ పట్టణపు మిల్లులలోను రేవులోను కష్టపడిరి. బర్మా అప్పటికి ఇండియా ప్రభుత్వము క్రిందనే యుండెను. అచ్చటి బొటటాంగు కంపెనీ భూమిని సర్కారు సేకరించినది. వెల చాలదని కంపెనీ దిగువ బర్మా చీఫ్‌కోర్టువరకు పోరాడి, అక్కడను తృప్తి పడక లండనులోని ప్రీవీకౌన్సిలునకు అప్పీలు చేసెను. 1912లో ప్రీవీకౌన్సిలు అప్పీలును కొట్టివేసెను. వెల చాలునో చాలదో వారు చూడనేలేదు. చట్టములో హైకోర్టువరకే అప్పీలు చెప్పబడినది. కోర్టు చేసినదియు అవార్డేగాని డిక్రీ కాదు. కనుక ఇక్కడికి వచ్చు దారియే లేదని పలికి తలుపు మూసిరి. సామాన్య ఋణపు దావాలో వేలరూపాయల తగవున్నచో సీమకు పోవచ్చును. లక్షల విలువగల నేలను సర్కారు పుచ్చుకొన్నచో పోరాదు. వాదము వినకయే కొట్టివేయబడిన అప్పీలు, విని కొట్టివేసినదానికంటె కష్టము కలిగించును.

ఈ తీర్పు దేశమంతట అనేక వ్యాజ్యములను కట్టిపడవేసినది. ఇట్టి లోపము చట్టసభకు తెలియక పోలేదు గాని, తొమ్మిది సంవత్సరములు పట్టినది. 1921లో 19వ చట్టము వచ్చి, కోర్టు చేయు అవార్డు డిక్రీతో సమానమని 26వ సెక్షనులోను, హైకోర్టుపైన ప్రీవీకౌన్సిలునకు అప్పీలు కలదని 54వ సెక్షనులోను చేర్చెను. 1923లో మరియొక సవరణచేత, భూమి అసలు కావలెనా వలదా యని ఆక్షేపణ చెప్పుకొను అవకాశము 5-ఎ సెక్షనుగా వచ్చినది. అంతకు పూర్వము ముప్పది యేండ్లు ఆపాటి మాట చెప్పుకొనుటకైనను చట్టములో చోటులేకపోయెను.

1921లో తెరచిన ఆ తలుపు గుండనే ఒక తెలుగు వ్యాజ్యము లండను చేరి, ప్రపంచమందు ఆంగ్లన్యాయము నడచుచోట్లనెల్ల పేరుపొందినది.

విశాఖపట్టణమున హార్బరు నిర్మాణము సాగుచున్న దినములవి. హార్బరునకు దక్షిణమున కొండల నడుమ లోవతోటలను ప్రదేశము కలదు. లోవ యనగా కొండల నడిమి పల్లము. పేరులోనే దాని స్వరూపమున్నది. అది రాజా వైరిచర్ల నారాయణ గజపతిరాజు గారి సొత్తు. అందులో ఎల్లకాలము ఎండక మంచినీరిచ్చు ఊట ఒకటి యుండెను. మలేరియా నివారణ పనులకై ఆ భూమి కావలెనని 1928 ఫిబ్రవరిలో ప్రకటన వెలువడినది. రెవిన్యూ డివిజనల్ ఆఫీసరు ఆ భూమికి మామూలు తోటభూమివలె వెలకట్టెను. రాజాగారు ఊటకు వెల యేదని అడిగిరి. రేవు పట్టణమున త్రాగునీటి కొరత యెంతటిదో అందరు నెరిగినదే. హార్బరు పెరిగిన కొలది ఆ నీటికి గిరాకి పెరుగునుగదా యని వారి వాదము. సబుకోర్టు ఆ వాదము నంగీకరించి వెల పెంచెను. సర్కారు చెన్నపట్టణము హైకోర్టునకు అప్పీలు చేయగా, హైకోర్టు పెంపును రద్దుచేసి ఆఫీసరు అవార్డునే నిలబెట్టెను.

తగవు మూలము చిత్రమైనది. ఆ నీటిని కొనగలవారు ఎవరు? హార్బరువారు తప్ప వేరెవరును కానరారు. కొనువాడొక్కడే యైనపుడు పోటీ లేదు. పోటీ లేనపుడు ఊటకు ప్రత్యేకముగా వెల లేదు. కనుక భూమికి మామూలు వెలయే చాలునని సర్కారు తర్కము. ఇట్టి వాదమునకు ఇంగ్లండు తీర్పులలో ఆధారము లేకపోలేదు. 1909లో చెస్టర్‌ఫీల్డు నీటిసరఫరా సంస్థ సేకరించిన లోయభూమి వ్యాజ్యము ఇరుపక్షముల ప్లీడర్లకును పాఠ్యగ్రంథమైనది. తర్కమును కొంచెము సాగదీసినచో అందలి అన్యాయము తెలియును. చుక్కనీరు లేని ఊరిలో ఒక్కనికే బావి యుండి, ఊరంతయు కలిసి ఒక్కబేరగానిగా వచ్చెననుకొందము. బేరగాడొక్కడే గనుక బావికి వెలలేదని చెప్పిన ఎవరొప్పుకొందురు?

1939 ఫిబ్రవరిలో ప్రీవీకౌన్సిలు తీర్పు చెప్పెను. లార్డు రోమరు వ్రాసిన ఆ తీర్పు సుదీర్ఘమైనది, నిదానమైనది. ఊహలో వేలంపాట పెట్టి, ఇద్దరు పాటగాండ్రుండిన ఇంత, ఒక్కడే యుండిన ఇంత యని లెక్కకట్టు పద్ధతిని ఆయన ఒక్కొక్క మెట్టుగా విప్పి చూపి, అది దారి కాదనెను. విలువ కట్టువాడు చూడవలసినది ఒక్కటే: అమ్మవలెనను ఇచ్ఛగలవాడు, కొనవలెనను ఇచ్ఛగలవాడు, ఇద్దరును బలవంతములేక కూర్చుండి మాటాడుకొన్నచో ఏ వెలకు కుదురుదురో ఆ వెల. అమ్మువాని మొండిపట్టును లెక్కకు రాదు, కొనువాని అక్కరయు లెక్కకు రాదు. కొనగలవాడు సేకరించు అధికారియే యైనను, అతడొక్కడే యైనను, ఆ భూమి గుణమునకు వెలలేకపోదు. హైకోర్టు తీర్పు నిలువలేదు. రాజాగారు కోరినదంతయు రాకున్నను ఊటకు వెల వచ్చినది.

ఆ తీర్పు వచ్చునప్పటికి 1928 నాటి ప్రకటనపై పదునొకండు సంవత్సరములు గడచినవి. 1933 అక్టోబరులో జలదుర్గ యను ఓడ రేవు ప్రవేశించినది. ఆ డిసెంబరులో రాజప్రతినిధి విల్లింగ్డను ప్రభువు రేవునకు ప్రారంభోత్సవము చేసెను. ఊట వెల మాత్రము మరి యైదేండ్లకుగాని తేలలేదు. జమీందారుడు గనుక లండనువరకు న్యాయవాదులను పెట్టి నిలువగలిగెను. రెండెకరముల మెట్టరైతునకు అది సాధ్యమా? అయినను ఆ జమీందారుడు తెచ్చిన సూత్రము మెట్టరైతునకును ఉపయోగించినది. తరువాతి దశాబ్దములలో భూమి వెలను గూర్చి దేశమందలి కోర్టులు వ్రాసిన తీర్పులలో ‘విశాఖపట్టణము వ్యాజ్యము’ కనబడనిది అరుదు. ఇంగ్లండు, ఆస్ట్రేలియా న్యాయస్థానములలోను అది ఉదాహరింపబడినది.

వెల సంగతి యట్లుండగా, ప్రజాప్రయోజనమనిన నేమి యను తగవున అప్పీళ్లు ఇంకను కఠినముగ కొట్టివేయబడినవి. బొంబాయిలో కంపెనీవారు పూర్వమిచ్చిన పట్టాలలో ప్రజావసరమునకు భూమిని తిరిగి పుచ్చుకొను షరతుండెను. సర్కారు ఉద్యోగులకు ఇండ్లు కట్టుట ప్రజావసరమా యని పట్టాదారులు అడిగిరి. ప్రజాప్రయోజనము ఉన్నదనియే 1914లో ప్రీవీకౌన్సిలు వారి అప్పీళ్లను త్రోసివేసెను. ఆ విషయమున ప్రభుత్వముకంటె బాగుగ ఎరిగినవారెవరను ధోరణి ఆ తీర్పులో కలదు. స్వాతంత్ర్యము వచ్చిన పిదపను ధోరణి మారలేదు. 1962లో పంజాబు వ్యాజ్యము సుప్రీంకోర్టునకు వచ్చెను. ఒక కంపెనీ శీతలయంత్రముల భాగములు చేయు కర్మాగారమునకై భూమి సేకరించి, నష్టపరిహారములో సర్కారు తన వాటాగా 100 రూపాయలు మాత్రము వేసి, ఇది ప్రజాధనముతో చేసిన సేకరణ యనెను. 6వ సెక్షను డిక్లరేషను ప్రజాప్రయోజనమునకు తిరుగులేని సాక్ష్యమని, అధికారమును మరుగుచేసికొని కపటముగ వాడిననేగాని కోర్టు ప్రశ్నింపదని, 100 రూపాయలైనను చాలునని అధికసంఖ్యాకులు తీర్పుచెప్పి పిటిషనులు కొట్టివేసిరి.

భిన్నాభిప్రాయము వ్రాసినవారు కోకా సుబ్బారావుగారు. రాజమహేంద్రవరమున 1902లో జన్మించి, 1954లో గుంటూరున వెలసిన ఆంధ్ర హైకోర్టునకు తొలి ప్రధానన్యాయమూర్తియై, 1966లో భారత ప్రధానన్యాయమూర్తియైన మహనీయులు. నామమాత్రపు సొమ్ము పడవేసి కంపెనీ పనిని ప్రజల పనిగా చూపుట చట్టమునకు సమ్మతము కాదని వారి భావము. ఆ నాడు ఓడిన మాట యది. 1964లో చెన్నపట్టణపు ఇండ్లస్థలముల వ్యాజ్యమున మాత్రము సుబ్బారావుగారు వ్రాసినదే ధర్మాసనపు తీర్పైనది: పరిహారమనిన భూమికి న్యాయమైన సమానవిలువ, దానిని తగ్గించి రైతులను వేరుపరచు రాష్ట్రశాసనము చెల్లదు. అయినను ఆస్తిహక్కు రాజ్యాంగములో రానురాను సన్నగిల్లినది. 1978 నాటి 44వ సవరణచే, 1979 జూను 20నుండి, అది ప్రాథమికహక్కుల పట్టికలోనుండి తొలగి 300-ఎ అధికరణముగా మిగిలినది.

ఇక గడువు సంగతి. అప్పీళ్లలో ఎన్ని వాదమున ఓడినవో, ఎన్ని కాలదోషముచే కూలినవో! 18వ సెక్షనులోని ఆరు మాసముల గడువు అవార్డు తేదీనుండి యని యున్నది. అవార్డు ఆఫీసు కాగితములలో నిదురించుచు, రైతు చెవికి ఎనిమిది మాసముల కందినచో? అలహాబాదు హైకోర్టునుండి వచ్చిన వ్యాజ్యమున 1961లో సుప్రీంకోర్టు, యజమానికి తెలిసిననాడే, లేక తెలియవలసినంతగా ప్రకటింపబడిననాడే అవార్డు పుట్టినట్లు లెక్కించవలెననెను. 1963లో పంజాబు ప్రభుత్వమే తెచ్చిన అప్పీలును కొట్టివేయుచు, సొమ్ములో కొంత ముందుగా పుచ్చుకొన్నంతమాత్రమున అవార్డులోని సంగతులు తెలిసినట్లు కాదని కూడ తేల్చెను. అట్లు సర్కారు అప్పీళ్లును కొట్టివేయబడిన సందర్భములు కలవు.

వానిలో చంద్రాపీడుని కాశ్మీరమునుండియే వచ్చినది ముఖ్యమైనది. అనంతనాగ్ కలెక్టరు సేకరించిన భూమికి కోర్టు సుమారు 14 లక్షల మేరకు వెల పెంచగా, సర్కారు అప్పీలు నాలుగు దినములు ఆలస్యమాయెను. హైకోర్టు కాలదోషమని కొట్టివేసెను. 1987లో సుప్రీంకోర్టు ఆ ఆలస్యమును మన్నించి, వాదము విని తీర్పు చెప్పుటయే ధర్మమనియు, ఆలస్యముచే లాభము పొందువాడెవడును లేడనియు, ప్రతిదినమునకును సంజాయిషీ అడుగుట యనిన ప్రతిగంటకును అడుగుట కాదనియు, సర్కారునైనను పౌరునైనను ఒక్కరీతి చూడవలెననియు కొన్ని సూత్రములు చెప్పినది. మంచి సూత్రములే. కాని ఆచరణలో వాని నీడ ఎక్కువగా సర్కారుపై పడినదను మాట నిజము కాకపోలేదు. 2012లో తపాలాశాఖ వ్యాజ్యమున 427 దినముల ఆలస్యమును సుప్రీంకోర్టు మన్నింపక, ఫైలు బల్లనుండి బల్లకు తిరిగినదను కథ ఇక చెల్లదని హెచ్చరించవలసి వచ్చెను.

సాక్ష్యము లేక ఓడిన అప్పీళ్లు మరియొక తెగ. భూమి వెలకు కోర్టు చూచునది పరిసరములందు ప్రకటనకు కొద్దికాలము ముందు జరిగిన క్రయదస్తావేజులు. గ్రామములలో రిజిస్ట్రారు ఆఫీసున వ్రాయించు మొత్తము వేరు, చేతులు మారు సొమ్ము వేరు; స్టాంపు ఖర్చు తగ్గునని పదివేల భూమిని నాలుగువేలకు వ్రాయించుట అలవాటు. ఆ నాలుగువేల దస్తావేజే తరువాత కాలువ త్రవ్వునాడు ఊరందరి భూములకు కొలబద్దయగును. నిజమైన వెల యిదియని నోటితో చెప్పిన మాటను కోర్టు నమ్మదు; నమ్మవలసినదియు కాదు. అడంగలులో మామిడిచెట్లు, బావి, మోటుబండ సరిగా ఎక్కనిచో వానికి వేరు వెల రాదు. మాగాణిని మెట్టగా చూపిన పాత లెక్క ఒక్కటి మిగిలినచో, హైకోర్టువరకు ఆ లెక్కయే మాటాడును. ఏ న్యాయాధిపతి కాఠిన్యముకంటెను ఈ కాగితముల లోపమే ఎక్కువ అప్పీళ్లను కూల్చినది.

1984 సెప్టెంబరు 24నుండి వచ్చిన సవరణ (68వ చట్టము) పాత గోతులను కొన్నింటిని పూడ్చినది. బలవంతపు సేకరణకై ఇచ్చు అదనపు మొత్తము నూటికి 15 నుండి 30 అయినది. వడ్డీ నూటికి 6 నుండి మొదటి యేడు 9, ఆపైన 15 అయినది. అడిగినదానికి మించి ఈయరాదను కట్టు పోయినది. డిక్లరేషనుపై రెండేండ్లలో అవార్డు చేయనిచో సేకరణయే రద్దగును. అన్నిటికంటె దయగల మార్పు 28-ఎ సెక్షను: ఒకే ప్రకటన క్రింద భూమి పోయిన పదిమందిలో ఒక్కడు కోర్టునకు పోయి వెల పెంచుకొన్నచో, పోలేని తొమ్మండుగురును ఆ తీర్పునుండి మూడు మాసములలో అర్జీ పెట్టి అదే వెల పొందవచ్చును. ఈ ఒక్క సెక్షను ముప్పది నలుబది యేండ్లు ముందే వచ్చియుండినచో, ప్రాజెక్టుల క్రింద నేల పోగొట్టుకొన్న రైతుల కెంత మేలు జరిగియుండెడిది!

2013లో చేయబడిన 30వ చట్టము 2014 జనవరి 1నుండి అమలునకు వచ్చి 1894 చట్టమును తొలగించినది. అదనపు మొత్తము నూటికి నూరైనది. ప్రైవేటు కంపెనీలకైనచో నూటికి 80 మంది, ప్రభుత్వముతో కలిసిన పనులకైనచో 70 మంది సమ్మతింపవలెనని వచ్చెను. అందలి 24వ సెక్షను మాత్రము క్రొత్త వ్యాజ్యముల పుట్ట యైనది. ఐదేండ్లకు పూర్వమే అవార్డైనను భూమి స్వాధీనము కాలేదో, లేక సొమ్ము చెల్లింపబడలేదో, అట్టి పాత సేకరణ రద్దగునని దానిలో కలదు. సర్కారు ఖజానాలో వేసిన సొమ్ము చెల్లింపు కాదని 2014లో పూణే వ్యాజ్యమున సుప్రీంకోర్టు చెప్పగా వందలకొలది సేకరణలు రద్దైనవి. 2020 మార్చి 6న ఇందూరు వ్యాజ్యమున ఐదుగురు న్యాయమూర్తులు ఆ తీర్పును తొలగించి, స్వాధీనమును లేక, చెల్లింపును లేక రెండును లేనపుడే రద్దని ‘లేక’ యను ఒక్క మాటకు క్రొత్త యర్థము చెప్పిరి. గెలిచితిమనుకొన్న పెక్కుమంది దానితో తిరిగి ఓడిపోయిరి. ఒక అవ్యయముపై ఇన్ని ఎకరములు ఆధారపడుట వ్యాకరణము చదివినవారికిని వింతయే.

క్రొత్త చట్టములో గడువులు ఇవి: కలెక్టరు అవార్డు ఒప్పనివాడు ఎదుట ఉన్నచో ఆరు వారములలో అర్జీ పెట్టవలెను, ఆపై ప్రత్యేకాధికార సంస్థ తీర్పుపై హైకోర్టునకు 60 దినములలో అప్పీలు, తగిన కారణము చూపినచో మరి 60 దినములు. అంతకు మించి హైకోర్టునకును మన్నింపు అధికారము చట్టములో చెప్పబడలేదు.

పూర్వము ప్రకటన గెజిటులో పడి, గ్రామములో దండోరా వేయించి, చావడి గోడకు అంటింపబడెడిది; దండోరా వేసిననాడు పొలములో నున్నవానికి అది వినబడెడిది కాదు. 1984 సవరణనుండి గెజిటుతోపాటు ఆ ప్రాంతమున తిరుగు రెండు దినపత్రికలలో, వానిలో ఒకటైనను ప్రాంతీయభాషలో, ప్రకటన అచ్చుపడవలెను. గెజిటు, పత్రికలు, గ్రామపు ప్రకటన, వీనిలో ఏది చివరిదో ఆ తేదీయే ప్రకటన తేదీగా లెక్కించెదరు. 2013 చట్టములోను పత్రికాప్రకటన నియమము నిలిచినది. సర్వే నంబర్లు సన్నని అక్షరములలో వరుసగా ముద్రింపబడిన ఆ ప్రకటనలు సాధారణముగా లోపలి పుటలలో ఉండును. గ్రంథాలయపు బల్లపైకి వచ్చు తెలుగు దినపత్రికలోను అవి అక్కడనే కనబడును.